తప్పు పాడినా ఓకే అయిన టేక్

మొన్న పండక్కి ఇంటికి వెళ్లినప్పుడు టీవీలో ఒక పాత ఫ్రెంచ్ సినిమా పాట పెట్టుకుని చూస్తున్నాను. నలుపు తెలుపు బొమ్మ. ఒకావిడ పాడుతుంటే పక్కన ఒకాయన గిటార్ వాయిస్తాడు, ఇద్దరు మగవాళ్లు వింటూ ఉంటారు. మహా అయితే రెండు నిమిషాల పాట. మా పిన్ని పిల్లలకు కర్ణాటక సంగీతం చెబుతుంది. వంటింట్లోంచి వచ్చి సగం విని, "శ్రుతి బాగానే ఉంది గానీ ఈవిడకి గాత్రం లేదురా. ఎవరైనా మంచి గాయని చేత పాడించుకోవాల్సింది" అంది.

గాత్రం లేదన్న మాటతో నాకు గొడవ లేదు. నిజంగానే లేదు. సన్నగా మొదలై, మధ్యలో కాస్త బొంగురుపోయి, పై స్థాయికి వెళ్లాల్సి వచ్చినప్పుడు వెళ్లకుండా నవ్వి ఊరుకునే గొంతు అది. నా పేచీ అంతా రెండో ముక్కతోనే. వేరే ఎవరి చేతైనా పాడించి ఉంటే ఆ పాట ఏమయ్యేది?

పాడినావిడ ఫ్రెంచ్ నటి జాన్ మోరో. సినిమా ఫ్రాన్స్వా త్రుఫో తీసిన 'జూల్ ఎ జిమ్', 1962లో వచ్చింది. 2017 జూలై 31న ఆమె పోయినప్పుడు నేను చదివిన నివాళుల్లో దాదాపు అన్నీ ఒకే దారిన నడిచాయి. ముందు ఆమెతో సినిమాలు తీసిన దర్శకులు: మాల్, త్రుఫో, అంతోనియోని, బున్యుయెల్, వెల్స్. తర్వాత అవార్డులు. చివర్లో "పాటలు కూడా పాడింది" అని ఒక వాక్యం. ఆ "కూడా" నాకు నచ్చలేదు. సినిమాల్లో ఆమె చేసిన పని ఏమిటో నాకు అర్థమైంది పాటల వల్లే. తన ముఖాన్ని గానీ గొంతునీ గానీ ఎవరూ కడిగి తుడిచి శుభ్రం చేయకుండా కాపాడుకోవడమే ఆ పని అని నా అభిప్రాయం. అందులో ముఖం సంగతి కెమెరామన్ల చలవ అనుకోవచ్చు. గొంతు సంగతి అలా తోసేయలేం.

ముఖం ముందు

మోరో 1928లో పారిస్‌లో పుట్టింది. నాన్న ఫ్రెంచివాడు, అమ్మ ఇంగ్లండ్ నుంచి వచ్చిన డాన్సర్. కూతురు నాటకాల్లోకి వెళ్లడం నాన్నకు సుతరామూ ఇష్టం లేదు. వెళ్లింది. పందొమ్మిదేళ్లకే ఫ్రాన్సు జాతీయ నాటకశాల కొమెదీ ఫ్రాన్సేజ్‌లో చేరింది, నాలుగేళ్లు చేసి బయటికి వచ్చి జాన్ విలార్ నాటక బృందంలోకి మారింది. రంగస్థలం మీద అప్పటికే పెద్ద పేరు. సినిమాల్లో మాత్రం 1957 దాకా ఆమెతో ఏం చేయాలో ఎవరికీ తెలియలేదు. ఫొటోలకు పనికొచ్చే ముఖం కాదని అనేవారట. కళ్ల కింద నీడలు, కిందికి వాలిన పెదవి చివరలు. అవి కనపడకుండా మందంగా మేకప్ వేసి, బోలెడు లైట్లు పెట్టి, ఏవో గూండా సినిమాల్లో నిలబెట్టేవారు.

అప్పుడు లూయీ మాల్ వచ్చాడు. పాతికేళ్ల కుర్రాడు, కథా చిత్రం తీయడం అదే మొదలు. సినిమా పేరుకు అర్థం ఉరికంబానికి లిఫ్ట్ అని. మొదటి షాటే ఆమె ముఖం, తెర నిండా. ఫోన్లో ప్రియుడితో దాదాపు గుసగుసగా మాట్లాడుతుంటుంది. ఆ తర్వాత అతను లిఫ్టులో ఇరుక్కుపోతాడు, ఆమె రాత్రంతా అతన్ని వెతుక్కుంటూ షాంజెలిజే వీధిలో తిరుగుతుంది. కెమెరామన్ ఆన్రీ దకాయ్ పసిపిల్లల తోపుడు బండిలో కెమెరా పెట్టుకుని ఆమె ముందు వెనక్కి వెనక్కి వెళ్తూ తీశాడు. సినిమా లైట్లు లేవు, షాపుల అద్దాల్లోంచి పడే వెలుతురే. మేకప్ లేదు. ఆ ఫిల్మును కడిగిన ల్యాబులో టెక్నీషియన్లు అది చూసి, ఈ కుర్రాళ్లు ఆమెను పాడుచేస్తున్నారని గొడవ చేశారట. ఇది మాల్ తర్వాత చెప్పుకున్న సంగతే. ఆ నడకకే అమెరికన్ జాజ్ కళాకారుడు మైల్స్ డేవిస్, తెర మీద బొమ్మలు చూస్తూ, ముందుగా రాసుకున్నది పెద్దగా లేకుండా ట్రంపెట్ వాయించాడు. 1957 డిసెంబరు.

ల్యాబు వాళ్ల బాధ, మా పిన్ని మాట నాకు ఒకేలా వినిపిస్తాయి. ఇద్దరూ పనితనం తెలిసినవాళ్లే. ఇద్దరూ చెబుతున్నది ఒకటే: దీన్ని ఇంతకంటే బాగా చేయవచ్చు కదా. చేయవచ్చు. బాగా చేస్తే మాత్రం ఆ రాత్రి ఆ వీధిలో నడిచే ఆడమనిషి మిగలదు. బాగా లైటింగ్ చేసిన ఒక హీరోయిన్ మిగులుతుంది.

ఆ రెండు నిమిషాలు

ఇప్పుడు పాట దగ్గరికి. 'లె తుర్బియోన్', అంటే సుడి. రాసింది సెర్జ్ రెజ్వానీ. వృత్తి చేత చిత్రకారుడు, సిరూస్ బాసియాక్ అనే పేరు పెట్టుకుని పాటలు రాసేవాడు. మోరోకూ ఆమె భర్త జాన్-లూయీ రిషార్‌కూ స్నేహితుడు. ఆ ఇద్దరూ విడిపోవడం, మళ్లీ కలవడం, మళ్లీ విడిపోవడం చూసి వాళ్ల మీదే సరదాగా అల్లిన పాట ఇది. సినిమా కోసం రాసింది కాదు, త్రుఫో విని ముచ్చటపడి సినిమాలో పెట్టించాడు. గిటార్ వాయించే ఆల్బేర్ వేషం కూడా రెజ్వానీ చేతే వేయించాడు. ఒక ఇంట్లో స్నేహితుల మధ్య పుట్టిన పాట తెర మీద కూడా ఒక ఇంట్లో స్నేహితుల మధ్యే ఉంటుంది.

ఆ సినిమాలో చాలా భాగానికి మాటలు తర్వాత స్టూడియోలో చేర్చారు. ఈ పాటను మాత్రం షూటింగ్ జరుగుతుండగానే రికార్డు చేశారు. పాటలో ఒకరినొకరు కలుసుకున్నాం, గుర్తుపట్టాం, దూరమయ్యాం, మళ్లీ దగ్గరయ్యాం అని మాటలు గిరగిరా తిరుగుతుంటాయి. తప్పడానికి ఎంతో వీలున్న పాట. తప్పింది. ఒకచోట వరుస తారుమారై, అయ్యో అన్నట్టు చెయ్యి చిన్నగా కదిపి, నవ్వు ఆపుకుంటూ ముందుకు పోయింది. అది తెలిసి కూడా త్రుఫో ఆ టేకునే ఉంచేశాడు.

ఈ కథ ఫ్రాన్సులో అందరికీ తెలిసినదే. సాధారణంగా దీన్ని దర్శకుడి గొప్పతనానికి ఉదాహరణగా చెబుతారు. నాకు అది సగమే అనిపిస్తుంది. నాటకాల్లో అన్నేళ్లు చేసిన మనిషికి డైలాగు తప్పితే ఎలా దాచాలో తెలియదా? మొహంలో ఏమీ కనపడనివ్వకుండా దాటేయగలదు. ఆమె దాచలేదు. అక్కడ పాడుతున్నది పాత్రా, నటా, స్నేహితుడి పాట వరుస మర్చిపోయిన మనిషా అంటే చెప్పలేం. వేరే గాయని చేత పాడించి ఉంటే ఆ తప్పు రాదు. వచ్చినా మైకు ముందే సరిదిద్దేస్తారు.

ఇక్కడ ఒక అనుమానం నాకూ ఉంది. ఇదంతా కళ్లతో చూసి చెబుతున్నానేమో? ఆ నవ్వు, ఆ చెయ్యి లేకుండా చెవికి మాత్రమే వినిపిస్తే ఆ పాట నిలబడుతుందా? అందుకని సినిమా పక్కనపెట్టి 1963లో వచ్చిన ఆమె మొదటి పెద్ద రికార్డు పట్టుకున్నాను. బాసియాక్ రాసిన పన్నెండు పాటలు. అప్పటికి మోరోకు ముప్పై అయిదు. రేడియోలో టీనేజీ అమ్మాయిల పాటలు హోరెత్తుతున్న రోజుల్లో, ఆ వయసులో తొలి ఆల్బం.

అందులో ఒక పాట ఉంది, 'జె లా మెమ్వార్ కి ఫ్లాన్ష్' అని. మతిమరుపు పాట. ఒకప్పటి ప్రియుడి గురించి చెబుతూ అతని కళ్ల రంగేమిటో కూడా గుర్తుకు రాక తడుముకుంటుంది. నీలం కాదనుకుంటా, ఆకుపచ్చా, బూడిద రంగా? నా ఫ్రెంచ్ అంతంత మాత్రమే. అయినా ఈ పాటలో ప్రతి మాటా తెలుస్తుంది, ఎందుకంటే ఆమె పాడటం లేదు, చెబుతోంది. రాగం పక్కన నడుస్తూ ఉంటుంది. గుర్తు లేదని చెప్పేటప్పుడు గొంతులో సిగ్గు లేదు, కొంచెం గర్వం ఉంది. అంత మందిని మర్చిపోయేంత జీవితం గడిచింది మరి అన్నట్టు. ఇది నటనే. కానీ బొమ్మ లేదు. అంటే ఆ పనంతా గొంతే చేస్తోంది. పాట నిలబడుతుందా అన్న నా అనుమానం అక్కడితో తీరింది.

మరి లీల, సుశీల?

మా ఇంట్లో ఈ వాదన ఇంకోవైపు నుంచి వచ్చింది, ఊహించినట్టే. నటి ఎవరి పాట వాళ్లే పాడుకోవాలంటే సావిత్రికి లీల, సుశీల ఉండేవాళ్లా? 'మాయాబజార్' వచ్చింది కూడా 1957లోనే, మోరో షాంజెలిజే మీద నడిచిన ఏడే. "అహ నా పెళ్ళియంట" గుర్తు చేసుకోండి. శశిరేఖ రూపంలో ఉన్న ఘటోత్కచుడు. ముఖం సావిత్రిది, గొంతు ఒక గాయనిది, మధ్యలో అసలు మనిషి బయటపడే ముక్క ఘంటసాలది. ఒక ముఖంలోంచి రెండు గొంతులు. ప్లేబ్యాక్ అనే ఏర్పాటు లేకపోతే ఆ పాట ఊహకు కూడా అందదు. అరువు గొంతు కాబట్టే అది అంత గమ్మత్తుగా ఉంది. దీనికి నా దగ్గర జవాబు లేదు, ఉండాలని కూడా లేదు. ఆ పాట వదులుకోవడానికి నేను సిద్ధంగా లేను.

పైగా ఫ్రాన్సుకు ప్లేబ్యాక్ తెలియదనుకుంటే పొరపాటే. 1963లో మోరోతో జూదగత్తె కథ తీసిన జాక్ దెమీయే మరుసటి ఏడాది, మాటన్నది లేకుండా ఆసాంతం పాటలతో 'షెర్బూర్ గొడుగులు' సినిమా తీశాడు. కథానాయిక కాత్రిన్ దెనెవ్. ఆమె ఒక్క పంక్తి కూడా పాడలేదు. పాడింది డానియెల్ లికారి. సినిమాకు 1964లో కాన్ చిత్రోత్సవంలో అత్యున్నత బహుమతి వచ్చింది, దెనెవ్ ప్రపంచానికంతా తెలిసింది. లికారి పేరు మీలో ఎంతమంది విన్నారు? ఫ్రాన్సులో కూడా సినిమా పిచ్చివాళ్లను అడిగితేనే చెబుతారు.

మన దగ్గర ఇది తిరగబడింది, దీన్ని మన గొప్పగానే చెప్పుకోవాలి. గొంతు ఇచ్చిన వాళ్లకు ముఖం ఉన్న వాళ్లతో సమానంగా, ఒక్కోసారి ఎక్కువగా పేరొచ్చింది. సినిమా మర్చిపోయి సుశీల పాటని చెప్పుకునే ఇళ్లు ఎన్ని లేవు. అరువు అన్నప్పుడు ఎవరి దగ్గర తెచ్చుకున్నామో చెప్పుకున్నాం. మాట అరువు తెచ్చుకున్నప్పుడు మాత్రం చెప్పుకోలేదు. సరిత, రోజారమణి ఎంతమంది హీరోయిన్ల నోట మాట్లాడారో గుర్తు తెచ్చుకుంటే చాలు. పాట ఒకరిది, మాట మరొకరిది, ముఖం ఇంకొకరిది. ముగ్గురు కలిస్తే ఒక హీరోయిన్. అలవాటైపోయి మనకు వింతగా అనిపించదు. మా పిన్ని అంత తేలిగ్గా "పాడించుకోవాల్సింది" అనడానికి కారణం కూడా ఈ అలవాటే అనుకుంటాను.

మినహాయింపు మనకూ ఉంది. భానుమతి. తండ్రి దగ్గర సంగీతం నేర్చుకుంది, తన పాట తనే పాడుకుంది. 'మల్లీశ్వరి'లో "మనసున మల్లెల" వింటే ఆ పాత్ర పొగరు, దిగులు రెండూ ఆ గొంతులోనే ఉంటాయి. 1953లో 'చండీరాణి' సినిమాకు తనే దర్శకత్వం చేసింది. మోరో ఆ పని చేసింది 1976లో, 'ల్యుమియేర్'తో. కథలు రాయడం భానుమతికి ఉంది, పాటలు రాయడం మోరోకు ఉంది. 1970లో వచ్చిన ఆల్బంలో మాటలన్నీ మోరోవే. ఈ పోలికను ఇక్కడే ఆపేస్తాను, ఎందుకంటే ముఖ్యమైన చోట అది నిలవదు. భానుమతికి గాత్రం ఉంది. ఆమె పాడుకోవడాన్ని ఎవరూ ప్రశ్నించలేరు. గాత్రం లేకుండా పాడే హక్కు గురించి కదా నేను మాట్లాడుతున్నది. అలాంటి ఉదాహరణ మన పాత సినిమాల్లో, అందులోనూ ఆడవాళ్లలో, వెతికితే దొరకడం కష్టం.

ఆ హక్కు ఎవరికి వస్తుంది అన్నది ఇంకో ప్రశ్న, ఇది నన్ను నిజంగా ఇబ్బంది పెడుతుంది. మోరో నటి కాకపోయి ఉంటే ఆ గొంతుకు ఏ రికార్డు కంపెనీ తలుపు తీసేది? పేరున్న ముఖానికి మైకు సులువుగా దొరుకుతుంది. బార్దో పాడింది, కరీనా పాడింది, తర్వాత అజానీ పాడింది. ఎవరూ చేరదీయక ఆగిపోయిన మంచి గొంతులు ఆ ఊళ్లో ఎన్ని ఉండి ఉంటాయో. దీన్ని కాదనలేను. పేరు మైకు దాకా తీసుకొచ్చింది, సరే. కానీ ఆ పేరుతో ఆమె ఏం చేసిందో చూడాలి. హిట్ల వెనక పడలేదు. 1981లో నోర్జ్ అనే బెల్జియం కవి పద్యాలతో ఒక ఆల్బం మొత్తం పాడింది. బజారులో దానికి గిరాకీ ఉంటుందని ఎవరూ ఆశపడి ఉండరు. మరుసటి ఏడాది జర్మన్ దర్శకుడు ఫాస్‌బిందర్ చివరి సినిమాలో వేశ్యాగృహం నడిపే ఆడమనిషిగా వేసి, ఆస్కార్ వైల్డ్ రాసిన పంక్తులు ఇంగ్లీషులో పాడింది. అప్పటికి గొంతు ఇంకా బొంగురుపోయింది, సిగరెట్ల వల్ల. దాన్నీ దాచలేదు.

బొమ్మ లేని గొంతు

1975లో ఫ్రెంచ్ రచయిత్రి మార్గరిట్ దురాస్ 'ఇండియా సాంగ్' అని ఒక సినిమా తీసింది. కథ జరిగేది 1930ల కలకత్తాలో, ఫ్రెంచ్ రాయబారి భవనంలో. తీసింది మాత్రం ఫ్రాన్సులోనే. మన దేశం అందులో ఎక్కడా కనపడదు, మాటల్లో వినపడుతుందంతే. ఆ విషయం మీద దురాస్‌తో నాకు వేరే తగాదా ఉంది, దానికి ఇది చోటు కాదు. తెర మీద నటులు పెదవులు కదపరు. మాటలన్నీ బయటి నుంచి వినిపిస్తాయి. మన ప్లేబ్యాక్‌లో పెదవి ఒకరిది, గొంతు మరొకరిది అయినా రెండూ అతికించడానికి నానా తంటాలు పడతాం. దురాస్ అసలు అతికించడమే మానేసింది. కార్లోస్ దలెస్సియో కట్టిన ఆ సినిమా బాణీకి దురాస్ మాటలు రాస్తే, పాడింది మోరో. సినిమాలో కథానాయిక దెల్ఫిన్ సేరిగ్. అయినా ఆ పాట వింటే నాకు మోరోయే గుర్తొస్తుంది. పల్లవి చరణం అనే పట్టింపు లేకుండా, ఒకే మాట చుట్టూ బద్ధకంగా తిరుగుతుంది.

1992లో దురాస్ నవల ఆధారంగా తీసిన 'లామాన్'లో అయితే మోరో కనపడనే కనపడదు. ముసలితనంలో తన పదిహేనేళ్ల ప్రాయాన్ని తలుచుకునే రచయిత్రి గొంతు ఆమెది. తెర మీద అమ్మాయి జేన్ మార్చ్. ఒక రకంగా ఇదీ ప్లేబ్యాకే. మోరో ఇంకొకరి ముఖానికి గొంతు ఇచ్చింది. ఇచ్చినా అది ఆ అమ్మాయి గొంతులా వినిపించాలని ఎవరూ అనుకోలేదు.

1995లో కాన్ ఉత్సవానికి మోరో జ్యూరీ అధ్యక్షురాలు. ప్రారంభోత్సవంలో వనెస్సా పారదీ, అప్పటికి ఇరవై రెండేళ్లు, 'లె తుర్బియోన్' పాడింది. పద్నాలుగేళ్లకే హిట్ పాట కొట్టిన పిల్ల, స్వరం తేటగా, వరుస తప్పకుండా పాడింది. అరవై ఏడేళ్ల మోరో కూడా గొంతు కలిపింది. ఆ వీడియో దొరుకుతుంది, చూడండి. ఇద్దరిలో ఎవరు బాగా పాడారంటే పారదీయే, అనుమానం లేదు. పాట ఎవరిది అంటే మాత్రం రెండో గొంతు కలిసిన చోట తెలిసిపోతుంది.

చివరి రికార్డుల్లో ఒకటి 2010లో వచ్చింది. జాన్ జెనే జైల్లో రాసిన పెద్ద కవిత, మరణశిక్ష పడ్డ ఖైదీ గురించి. బాణీలు ఎలెన్ మార్టాన్‌వి. ఎతియెన్ దావో పాడతాడు, మోరో చదువుతుంది. పాడదు, చదువుతుందంతే. మరుసటి ఏడాది వేసవిలో ఇద్దరూ దాన్ని అవిన్యోన్ నాటకోత్సవంలో చేశారు. 1947లో ఆ ఉత్సవం మొట్టమొదట జరిగినప్పుడు ఆమె అక్కడ చిన్న వేషం వేసిన అమ్మాయి. ఇప్పుడు ఎనభై మూడేళ్లు. గొంతు దాదాపు గరగరే. దావో పాడిన చోట్లు చాలా అందంగా ఉంటాయి, సంగీతం తెలిసినవాళ్లు వాటినే మెచ్చుకుంటారు. నేను వెనక్కి తిప్పి వినేది మాత్రం ఆమె చదివిన చోట్లనే. వాటిని పాట అనవచ్చా అని అడిగితే, 1963 నాటి ఆ మతిమరుపు పాటను ఏమంటారో దీన్నీ అదే అనాలి. ఆమె అప్పుడు కూడా చెప్పిందే గానీ పాడలేదు.